టీవీ సీరియల్‌కి రాయాలనుకుంటున్నారా? కథ కన్నా ముందు సీన్ నేర్చుకోండి

సీరియల్‌కి రాయాలని ఉందంటూ వచ్చేవాళ్ళందరి దగ్గరా ఒక కథ ఉంటుంది. ఆ కథ ఏ ఛానల్‌కి చెప్పాలి, ఎవరి ద్వారా వెళ్ళాలి అన్నదే వాళ్ళ ప్రశ్న. ఆ కథని కొన్నాళ్ళు పక్కన పెట్టి ముందు సీన్ రాయడం నేర్చుకోండి అని నేను చెప్తే ఎవరికీ వెంటనే రుచించదు. కానీ లెక్క చూడండి. మన డైలీ సీరియల్ సోమవారం నుంచి శనివారం దాకా వారానికి ఆరు రోజులు వస్తుంది, అంటే ఏడాది తిరిగేసరికి 300 ఎపిసోడ్లు దాటిపోతాయి, ఎపిసోడ్‌కి అయిదు సీన్లే వేసుకున్నా ఏడాదికి పదిహేను వందల పైమాట. ఇన్ని సీన్లు కావాల్సిన చోట కథ ఎక్కడినుంచైనా తెచ్చుకుంటారు, కొనుక్కుంటారు, పక్క భాషలో బాగా ఆడినదాన్ని రీమేక్ చేసుకుంటారు. రేపు పొద్దున తొమ్మిదింటికి తియ్యడానికి వీలుగా ఉండే సీన్‌ని ఈ రాత్రికి రాసి పంపగలిగేవాళ్ళు మాత్రం అంత సులువుగా దొరకరు. ఈ వృత్తిలో అన్నం పెట్టేది ఆ పనే.

టైటిల్స్‌లో మూడు పేర్లు, మూడు పనులు

కథ, స్క్రీన్‌ప్లే, మాటలు అని టైటిల్స్‌లో విడివిడిగా పడుతుంటాయి కదా, చాలాసార్లు అవి ముగ్గురు వేరువేరు మనుషుల పనులు. కథ రచయిత సీరియల్ మొత్తం ఎటు పోవాలో, ఎవరెవరికి ఏ గుట్టు ఉందో చెప్తారు. స్క్రీన్‌ప్లే రచయిత దాన్ని నెలకో ట్రాక్ (కథలో ఒక పాయ), వారానికో మలుపు, రోజుకో ముగింపు లెక్కన విడగొట్టి సీన్ ఆర్డర్ వేస్తారు, దీన్నే వన్‌లైన్ అంటారు. మాటల రచయిత ఆ వన్‌లైన్ పట్టుకుని ప్రతి సీన్‌కీ సంభాషణలు రాస్తారు. కొత్తవాళ్ళకి తలుపు తెరుచుకునేది ఎక్కువగా ఈ మూడో పని దగ్గరే, అది కూడా ఇప్పటికే రాస్తున్న రచయిత దగ్గర అసిస్టెంట్‌గా. ఎందుకంటే మాటల పని పరిమాణం ఎక్కువ, ఒక్క మనిషి చేత్తో తెమలదు.

చక్రవాకం, మొగలిరేకులు లాంటి సొంత తెలుగు కథలు జెమినీలో ఏళ్ళ తరబడి నడిచిన కాలం ఉంది. ఇప్పుడు రీమేకులు బాగా పెరిగాయి. 2017లో స్టార్ మాలో మొదలై 1,500 ఎపిసోడ్లు దాటిన కార్తీక దీపానికి మూలం మలయాళ సీరియల్ కరుత్తముత్తు. ఇంటింటి గృహలక్ష్మికి మూలం బెంగాలీ శ్రీమోయీ, హిందీలో అదే అనుపమా అయింది. అంటే మీకు మొదట దొరికే పని సొంత కథ కాకపోవడానికే అవకాశం ఎక్కువ. దాన్ని చిన్నతనంగా తీసుకోవద్దు, రీమేక్‌ని తెలుగు చెయ్యడం తేలిక పనేం కాదు.

ఒక ఉదాహరణ చెప్తాను. బెంగాలీ కథలోనో హిందీ కథలోనో హీరోకి మేనమామ కూతురు ఉందనుకోండి, అక్కడ ఆమె చెల్లెలి లెక్క. ఆమె ఇంట్లో తిరుగుతూ వదినకి సాయం చేసే మంచి పిల్ల, అంతే. అదే పాత్ర తెలుగులోకి రాగానే మరదలు అయిపోతుంది. మరదలంటే పెళ్ళాడదగిన పిల్ల, చిన్నప్పట్నుంచీ "మా బావకే" అని ఇంటిల్లిపాదీ అనుకున్న పిల్ల. మూలంలో పక్కన నిలబడ్డ పాత్ర మన దగ్గర రెండు నెలల ట్రాక్ మొయ్యగలదు, లేదా మీరు చూసుకోకుండా బంధుత్వాన్ని యథాతథంగా దింపేస్తే "బావా బావా" అంటూ తిరిగే ఆ పిల్ల మీద ప్రేక్షకులకి లేనిపోని అనుమానం మొదలై మీ కథే దెబ్బతింటుంది. పెళ్ళి సీన్లు కూడా ఇంతే. మన దగ్గర ముహూర్తానికి పెట్టేది జీలకర్ర బెల్లం, జనం కళ్ళలో పెళ్ళి అయినట్టు లెక్క మాత్రం మూడు ముళ్ళతో. "ఆపండి" అన్న కేక ఈ రెండింటి మధ్య పడితే అది పూర్తిగా వేరే కథ, జీలకర్ర బెల్లం పెట్టేశాక తాళి కట్టకుండా లేచిపోయిన పెళ్ళి గురించి ఆ ఇంట్లో ముసలావిడకీ పంతులుగారికీ మధ్య జరిగే వాదనే ఒక ఎపిసోడ్ అవుతుంది. ఇది ఏ మూలంలోనూ ఉండదు, మీరే తేవాలి. పని ఇచ్చేవాళ్ళు మిమ్మల్ని గుర్తుపెట్టుకునేది ఇలాంటివాటితోనే.

ముందు వినండి, తర్వాత చూడండి

నేర్చుకోవడానికి ఇప్పుడు నడుస్తున్న ఒక సీరియల్ పట్టుకోండి. మీకు నచ్చినదే కానక్కర్లేదు, బాగా ఆడుతున్నది అయితే చాలు. ఒక వారం ఎపిసోడ్లు తీసుకుని ప్రతి సీన్‌నీ ఒక్క వాక్యంలో రాసుకోండి: ఎవరున్నారు, ఎవరికి ఏం కావాలి, సీన్ అయ్యేసరికి ఎవరికి కొత్తగా ఏం తెలిసింది. ఆరు ఎపిసోడ్లకి ముప్ఫై నలభై వాక్యాలు వస్తాయి. ఇప్పుడు టీవీ కట్టేసి వచ్చే వారానికి వన్‌లైన్ మీరే వెయ్యండి, తర్వాత వాళ్ళు వేసినదాంతో పోల్చి చూసుకోండి. మీరు శనివారానికి దాచినది వాళ్ళు మంగళవారమే వాడేసి ఉంటారు, లేదా మీరు ఒక్క రోజులో తేల్చేసినదాన్ని వాళ్ళు మూడు రోజులు లాగి ఉంటారు. ఎందుకలా చేశారని ఆలోచించడమే అసలు పాఠం. నెల రోజులు ఇలా చేస్తే చాలా కోర్సుల కన్నా ఎక్కువ పట్టుబడుతుంది. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ (ఎఫ్‌టీఐఐ)లో స్క్రీన్ రైటింగ్ చదువుకోవచ్చు, హైదరాబాద్‌లో అన్నపూర్ణ వాళ్ళ కాలేజీ లాంటివీ ఉన్నాయి, వెసులుబాటు ఉంటే వెళ్ళండి, పరిచయాలకీ పనికొస్తుంది, కాకపోతే డిగ్రీ చూసి సీరియల్ పని ఇచ్చేవాళ్ళు నాకైతే తగల్లేదు.

ఇంకో పని కూడా చెయ్యండి. తెర వైపు చూడకుండా వినండి. సీరియల్ వచ్చే వేళకి చాలా ఇళ్ళల్లో కూర తరుగుతుంటారు, పిల్లల చేత హోంవర్క్ చేయిస్తుంటారు, కుక్కర్ కూస్తుంటుంది. సగం సీరియల్ చెవులతోనే నడుస్తుంది. అందుకే పాత్రలు ఒకరినొకరు వరస పెట్టి పిలుచుకుంటాయి, "వదినా", "పెద్దత్తయ్యా", "బాబాయ్" అని. నిన్నటి ఎపిసోడ్ చూడనివాళ్ళకి కూడా రెండో నిమిషానికల్లా ఎవరు ఎవరో తెలియాలి. కానీ దీన్ని సాకుగా పెట్టుకుని పాత్రల చేత కథ మొత్తం చెప్పించడం మొదలుపెడితే మాత్రం మీ రాత పాడవుతుంది.

ఒక సీన్ దగ్గరగా చూద్దాం

వన్‌లైన్‌లో ఇలా వచ్చిందనుకోండి: "మరిది ఫీజు కట్టడానికి కోడలు తన పుస్తెలతాడు తాకట్టు పెట్టిందని అత్తకి తెలుస్తుంది." కొత్తవాళ్ళు సాధారణంగా రాసేది ఇది:

"అత్తయ్యా, నన్ను క్షమించండి. మీకెవరికీ చెప్పకుండా మరిదిగారి ఫీజు కోసం నా పుస్తెలతాడు తాకట్టు పెట్టాను. ఈ విషయం ఆయనకి తెలిస్తే ఎంత బాధపడతారో అని భయంగా ఉంది."

సమాచారం అంతా ఉంది, సీన్ మాత్రం లేదు. ఇలా రాసి చూడండి. శుక్రవారం పొద్దున, వంటింటి గుమ్మం దగ్గర.

అత్త: శుక్రవారం పూట పుస్తెలకి పసుపు రాసుకోవేమిటే, ఇలా రా.

కోడలు, కొంగు భుజాల నిండా కప్పుకుంటూ: తర్వాత రాసుకుంటాలెండి అత్తయ్యా, స్టవ్ మీద పాలున్నాయి.

అత్త: పాలు నేను దించేశాగా.

పసుపు గిన్నెతో దగ్గరికి వస్తుంది. కొంగు పక్కకి తీస్తుంది. బంగారం ఉండాల్సిన చోట పసుపు తాడు.

ఫ్రీజ్ (బొమ్మ అక్కడే ఆగిపోతుంది, ఆ రోజు ఎపిసోడ్ అయిపోయింది).

ఇందులో "తాకట్టు" అన్న మాటే లేదు. "పాలు నేను దించేశాగా" అన్నది చెవిన పడగానే వంటింట్లో ఉన్న ప్రేక్షకురాలు తల తిప్పి తెర వైపు చూస్తుంది, ఎందుకంటే అత్తాకోడళ్ళ మధ్య ఒక సాకు చెల్లకుండా పోవడమంటే ఏమిటో ఆవిడకి ఎవరూ చెప్పక్కర్లేదు. ఇద్దరే ఆర్టిస్టులు, ఒకటే లొకేషన్, చేతి ప్రాపర్టీ, అంటే సీన్‌లో వాడే వస్తువు, ఒక పసుపు గిన్నె. గంటలో తీసెయ్యొచ్చు.

మర్నాటి ఎపిసోడ్ ఎలా ఎత్తుకోవాలన్నది ఇంకా ముఖ్యం. అత్త అరిచి గోల చేస్తే ఒక్క ఎపిసోడ్‌తో అయిపోతుంది. నేనైతే ఆవిడ చేత ఒక్క మాట కూడా అడిగించను. ఆ తాడుకే పసుపు రాసి, "పాలు గోరువెచ్చగా ఉన్నప్పుడే తోడెయ్యి" అనేసి వెళ్ళిపోతుంది. ఇక అక్కణ్ణుంచి ఆ ఇంట్లో ప్రతి సీన్‌కీ బరువొస్తుంది: అత్తకి తెలుసని కోడలికి తెలుసు, కొడుక్కి ఏమీ తెలియదు, మరిదికి ఫీజు ఎలా వచ్చిందో తెలియదు, తాకట్టు రసీదు బియ్యం డబ్బాలో ఉంది. ఒక్క మౌనంతో మీకు వారం చేతికొచ్చింది. ఇంకో సంగతి, ఇలా రాసిన రోజునే కో-డైరెక్టర్‌కి రాతలో చెప్పాలి, ఇకమీదట కోడలి ప్రతి సీన్‌లోనూ మెడలో పసుపు తాడే ఉండాలని. మీరు చెప్పకపోతే మూడో రోజు వంట సీన్‌లో బంగారు గొలుసు తళుక్కుమంటుంది, ట్రాక్ మొత్తం నవ్వులపాలు.

మాటల గురించి ఇంకో ముచ్చట. మన సీరియళ్ళలో కన్నడ, మలయాళ ఆర్టిస్టులు చాలామంది, కార్తీక దీపం కథానాయికే కేరళ అమ్మాయి, మలయాళ మూలంలోనూ ఆమే చేసింది. భాష రానివాళ్ళకి సెట్లో అసిస్టెంట్ డైరెక్టర్ పక్క నుంచి డైలాగ్ అందిస్తుంటే విని పలుకుతారు, దీన్ని ప్రాంప్టింగ్ అంటారు. తర్వాత డబ్బింగ్‌లో తెలుగు గొంతు పడుతుంది. కాబట్టి వాక్యం ఒక ఊపిరిలో పలికేంత పొడవే ఉండాలి, కష్టమైన ఒత్తులు వరసగా రాకూడదు, అసలు బరువంతా చివరి రెండు మాటల్లో పడాలి. రాశాక బయటికి చదవండి. మీ నోరు తడబడిన చోట ఆర్టిస్టు ఖాయంగా తడబడతారు, మూడు టేకులు పోతాయి.

యాస విషయంలో నా మాట కాస్త గట్టిగానే ఉంటుంది. తెలంగాణ యాసో, శ్రీకాకుళం యాసో, రాయలసీమ యాసో తీసుకొచ్చి పనిమనిషికీ, రౌడీకీ, నవ్వించే పాత్రకీ మాత్రమే ఇవ్వడం ఇకనైనా మానాలి. ఇంటి పెద్దకి ఇవ్వండి, డాక్టర్‌కి ఇవ్వండి. మీకు రాని యాస అయితే ఆ ఊరి మనిషి చేత ఒకసారి చదివించుకోండి, క్రియాపదాల చివర్లు మాత్రం మార్చినంత మాత్రాన యాస రాదు. అలాగే గొడ్రాలు, నల్లది, మొగుణ్ణి తిన్నది లాంటి మాటలు ఏ పాత్ర నోట పెడుతున్నారో, దానికి అదే సీన్‌లో జవాబు ఎవరిస్తున్నారో చూసుకోండి. టీవీ ముందు అదే మాట పడ్డ మనిషి కూర్చుని ఉంటుంది. ఫిర్యాదులొస్తే వినడానికి 2011 నుంచి బీసీసీసీ అని ఒక మండలి కూడా ఉంది, ఛానల్ వాళ్ళు ఆ భయంతో కోసేస్తారు, మీరు మాత్రం మనిషి మీద గౌరవంతో ముందే ఆలోచించండి.

సీన్ పేపర్ నుంచి తెర దాకా

ఛానల్‌లో ఫిక్షన్ టీమ్ ఉంటుంది, సీరియల్‌కో ఈపీ, అంటే ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ ఉంటారు. సీరియల్ తీసేది ప్రొడక్షన్ హౌస్. నెల ట్రాక్ ముందు ఛానల్‌లో ఓకే కావాలి, తర్వాత వన్‌లైన్ ఓకే కావాలి, అప్పుడు మాటలు. ఒక్కో మెట్టు దగ్గరా మార్పులొస్తాయి. వాదించండి, కానీ మీరు వాదించే ప్రతి మార్పుకీ చేతిలో ఇంకో దారి పెట్టుకుని వాదించండి. "ఇది బాలేదు" అని ఆగిపోయే రచయితని రెండో మీటింగ్‌కి పిలవరు.

అరగంట స్లాట్ అంటే అరగంట కాదు. గంటకి 12 నిమిషాలకు మించి ప్రకటనలు వెయ్యకూడదని కేబుల్ టీవీ నిబంధన, ఆ లెక్కన అరగంటకి మిగిలేది 24, అందులో టైటిల్స్, నిన్నటి కథ, రేపటి తునక పోగా మీ కథకి ఇరవై, ఇరవై రెండు నిమిషాలు వస్తాయి. ప్రతి బ్రేక్ ముందూ ఒక చిన్న ముడి, చివర్లో పెద్ద ముడి. వారపత్రికల్లో సీరియల్ నవలలు చదివి పెరిగినవాళ్ళకి ఈ విద్య కొత్త కాదు, "వచ్చే వారం" అన్న మాట దగ్గర పాఠకుణ్ణి ఎలా ఆపాలో అప్పటి రచయితలకి బాగా తెలుసు.

టెలికాస్ట్‌కి ముందు రెడీగా ఉంచుకునే ఎపిసోడ్ల నిల్వని బ్యాంక్ అంటారు. బ్యాంక్ ఉన్నప్పుడు రచయితకి నిద్ర ఉంటుంది. 2020 మార్చిలో లాక్‌డౌన్ వచ్చి షూటింగులు ఆగినప్పుడు ఉన్న నిల్వ అయిపోయి ఛానళ్ళు పాత ఎపిసోడ్లే మళ్ళీ వేసుకోవాల్సి వచ్చింది. మామూలు రోజుల్లో బ్యాంక్ కరిగేది మాత్రం చిన్న చిన్న కారణాలకే: ఆర్టిస్టు డేట్లు, వాన, ఇల్లు గలవాళ్ళ పేచీ.

రాత్రి పదిన్నరకి కో-డైరెక్టర్ ఫోన్ చేస్తాడు. "మావయ్య పాత్ర చేసే ఆయనకి జ్వరం, రేపు రాడు, సీన్ మార్చాలి." ఆ సీన్‌లో మావయ్య ఇంట్లో అందర్నీ కూర్చోబెట్టి ఇల్లు అమ్మేస్తున్నానని చెప్పాలి. సీన్ తీసేస్తే వారం కూలిపోతుంది. మావయ్య ఫోన్ చేసినట్టు, ఇటు కోడలు "ఏంటి మావయ్యా, ఇల్లు అమ్మేస్తున్నారా?" అని తిరిగి చెప్పినట్టు రాయడం అందరికీ తట్టేదే. కాస్త ఆగి ఆలోచిస్తే వేరే దారి దొరుకుతుంది: పొద్దున్నే ఎవరో ఇద్దరు టేపు పట్టుకుని వాకిలి కొలుస్తుంటారు, అత్త ముగ్గు గిన్నెతో బయటికొచ్చి "ఎవరు బాబూ మీరు?" అంటుంది, "ఇల్లు చూసుకోమని సారే పంపారమ్మా" అంటాడు ఒకడు. ముగ్గు మీద టేపు. ఇప్పుడు మావయ్య లేకపోవడమే సీన్‌కి బలం, ఇంటి ఆడమనిషికి ఆ వార్త పరాయివాళ్ళ నోట తెలియడం మొదటి రాత కన్నా ఎక్కువ నొప్పి. ఇద్దరు జూనియర్ ఆర్టిస్టులు దొరుకుతారా అని ఆ రాత్రే అడిగి, దొరుకుతారన్నాకే రాయండి. సీరియల్ రచయిత పనంటే అసలు ఇదే, అడ్డంకి వచ్చిన చోట కథని కుంటుపడనివ్వకుండా అక్కణ్ణుంచే ముందుకి తియ్యడం. దీనికి సాధన కావాలంటే మీరు రాసిన ఏ సీన్‌నైనా తీసుకుని అందులో ముఖ్యమైన పాత్రని తీసేసి మళ్ళీ రాయండి.

గురువారం వస్తుంది. టీవీ ఎవరెంత చూశారో లెక్కగట్టే సంస్థ బార్క్ ముందు వారం రేటింగులు ఇచ్చే రోజు అదే. అంకె పెరిగితే ట్రాక్ లాగమంటారు, తగ్గితే పైకి తెమ్మంటారు, మీరు ఆర్నెల్ల తర్వాతకి దాచుకున్న గుట్టుని వచ్చే వారమే బయటపెట్టమంటారు. అంకెని తిట్టుకుంటూ కూర్చోకండి. నిమిషాల లెక్క కూడా వస్తుంది, ఏ సీన్ దగ్గర జనం పక్క ఛానల్‌కి పోయారో ఈపీని అడిగి తెలుసుకోండి, చూపించమని అడిగే రచయితలు తక్కువ కాబట్టి చూపిస్తారు. కానీ ఒక్క విషయంలో మాత్రం వెనక్కి తగ్గొద్దు: రేటింగ్ కోసం పాత్ర స్వభావం రాత్రికి రాత్రి మార్చమంటే ఒప్పుకోకండి. నిన్నటిదాకా న్యాయం మాట్లాడిన అత్త ఇవాళ పాలలో ఏదో కలిపితే ఆ వారం అంకె వస్తుందేమో, ఆ తర్వాత ఆవిడ ఏం చెప్పినా ఎవరూ నమ్మరు, మీ దగ్గర ఉన్న గట్టి పాత్ర ఒకటి పోయినట్టే.

లోపలికి వెళ్ళడం ఎలా

చేతిలో మూడు కాగితాలు పెట్టుకోండి. ఒక పేజీలో సొంత సీరియల్ ఆలోచన, రెండు పూర్తి ఎపిసోడ్లు మాటలతో సహా, పక్క భాషలో నడుస్తున్న ఏదైనా సీరియల్‌లో ఒక సీన్‌ని మీరు తెలుగు చేసిన నమూనా. ఈ మూడోది ఎవరూ తీసుకెళ్ళరు, అందుకే అది పనిచేస్తుంది. ఎడమ వైపు యాక్షన్, కుడి వైపు డైలాగ్, పైన సీన్ నంబరు, లోపలా బయటా, పగలా రాత్రా, పాత్రలెవరు, ప్రాపర్టీ ఏమిటి అన్నవి రాసి ఉండాలి. యూనికోడ్‌లో టైపు చేసి పీడీఎఫ్ పంపండి, అనూ ఫాంట్లలో పంపితే అవతలి ఫోన్‌లో అక్షరాలు పిచ్చి గీతలుగా కనిపిస్తాయి, చదివేవాళ్ళు అక్కడితో మూసేస్తారు. చేత్తో రాసి ఫొటోలు పంపే పెద్దవాళ్ళు ఇప్పటికీ ఉన్నారు, వాళ్ళకి చెల్లుతుంది, కొత్తవాళ్ళకి చెల్లదు.

నేరుగా ఛానల్ ఆఫీసుకి వెళ్తే రిసెప్షన్ దాటడం కష్టం. ఇప్పుడు రాస్తున్న మాటల రచయితలు, కో-డైరెక్టర్లు, చిన్న ప్రొడక్షన్ హౌసుల మేనేజర్లు, వీళ్ళు అసలు దారి. ప్రతి ఎపిసోడ్ టైటిల్స్‌లోనూ పేర్లు పడతాయి, రాసుకోండి. యూసుఫ్‌గూడ, కృష్ణానగర్ వైపు ఈ పని చేసేవాళ్ళు ఎక్కువగా ఉంటారు, అక్కడ టీ కొట్టు దగ్గర దొరికే సమాచారం ఆఫీసుల్లో దొరకదు, కాకపోతే "ఛానల్‌లో నాకు తెలిసినవాళ్ళున్నారు, ఇంత కట్టు" అనేవాళ్ళు కూడా అక్కడే ఉంటారు. రాయడానికి అవకాశమిస్తామని డబ్బులడిగే ఎవరికీ రూపాయి ఇవ్వొద్దు. రచయితకి డబ్బు రావాలి గానీ రచయిత నుంచి పోకూడదు.

అసిస్టెంట్‌గా చేరితే మొదట్లో టైటిల్స్‌లో పేరు పడకపోవచ్చు. దానికి ఒక గడువు ముందే మాట్లాడుకోండి, ఫలానా నెల నుంచి "మాటల సహకారం" అని పేరు వేస్తారా అని. పెద్ద రచయిత మంచివాడైతే ఈ ప్రశ్నకి నొచ్చుకోడు. నాకు తెలిసి ఒక చోట కుర్రాడి చేత ఏడాది పైగా పేరు లేకుండా రాయించుకుని చివరికి "నువ్వు రాసినట్టు రుజువేంటి" అన్నారు. కాబట్టి రాసిన ప్రతి సీన్‌నీ తేదీతో సహా మీ ఈమెయిల్ నుంచే పంపండి, వాట్సాప్ ఒక్కదాన్నే నమ్ముకోవద్దు.

కాగితం, డబ్బు

ఐడియాకి కాపీరైట్ లేదు. 1978లో ఆర్.జి. ఆనంద్ కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి స్పష్టంగా చెప్పింది, రక్షణ ఉండేది ఆలోచనని మీరు రాసిన తీరుకి. అందుకే "అత్త కోడలికి పెళ్ళి చేస్తుంది" అని నోటితో చెప్పి రావడం కన్నా పదిహేను ఇరవై పేజీలు పాత్రలతో, మలుపులతో రాసుకుని, రిజిస్టర్ చేయించి, ఆ తర్వాత చెప్పండి. ముంబై స్క్రీన్‌రైటర్స్ అసోసియేషన్‌లో సభ్యత్వం తీసుకుని ఆన్‌లైన్‌లో స్క్రిప్ట్ రిజిస్టర్ చేసుకోవచ్చు. హైదరాబాద్‌లో సినీ రచయితలకీ, టెలివిజన్ రచయితలకీ సంఘాలున్నాయి, పేచీ వచ్చినప్పుడు మన భాషలో మాట్లాడేవాళ్ళు వెనక ఉండటం పెద్ద ధైర్యం.

అగ్రిమెంట్ రాతలో లేకుండా హక్కుల బదిలీ చెల్లదు. కాపీరైట్ చట్టం 19వ సెక్షన్ ప్రకారం హక్కులు ఎంతకాలానికో రాయకపోతే 5 ఏళ్ళకేనని, ఏ ప్రాంతానికో రాయకపోతే భారతదేశం వరకేనని లెక్క. 2012 సవరణతో ఇంకోటి వచ్చింది, సినిమా హాల్లో ప్రదర్శన తప్ప మిగతా వాడకాల మీద రాయల్టీ వాటా హక్కుని రచయిత వదులుకున్నట్టు రాయించుకున్నా అది చెల్లదు. అయినా అగ్రిమెంట్లలో ఆ వాక్యం కనిపిస్తూనే ఉంటుంది, చూసి అడగండి, మర్యాదగానే అడగండి. రీమేక్ హక్కులు వేరే భాషకి అమ్మితే మీ పేరూ మీ వాటా సంగతేంటో కూడా రాయించండి, ముఖ్యంగా కథ మీదైనప్పుడు.

డబ్బులు ఎపిసోడ్ లెక్కన వస్తాయి. ఎన్ని ఎపిసోడ్లకి ఒకసారి బిల్లు, బిల్లు పెట్టిన ఎన్ని రోజులకి చెల్లింపు, రాసి ఓకే అయ్యాక తియ్యకుండా పక్కన పెట్టిన ఎపిసోడ్‌కి ఎంత, తిరగరాతలకి హద్దు ఏమిటి అన్న నాలుగూ ముందే తేల్చుకోండి. చెల్లింపు రెండు మూడు నెలలు వెనకబడటం ఈ రంగంలో మామూలే, అందుకని చేరేటప్పుడే మూణ్ణెల్ల ఇంటి ఖర్చు చేతిలో ఉండేలా చూసుకోండి, ఉన్న ఉద్యోగం మొదటి నెలలోనే మానెయ్యకండి. టీడీఎస్ అని పన్ను కింద పది శాతం ముందే పట్టుకుని ఇస్తారు, రిటర్న్ వేస్తే మీ ఆదాయాన్ని బట్టి వెనక్కి రావచ్చు. ఏడాది రాబడి 20 లక్షలు దాటితే జీఎస్టీ, ఆ స్థాయికి వచ్చేసరికి ఆడిటర్‌ని పెట్టుకుంటారులెండి.

సీరియల్ ఆపేస్తున్నామన్న కబురు ఎక్కువ వ్యవధి ఇచ్చి రాదు. రెండు వారాల్లో అన్ని ముడులూ విప్పమంటారు. అలాంటప్పుడు అన్నిటినీ విప్పబోయి అన్నిటినీ పాడు చెయ్యకండి, ప్రేక్షకులు మొదటి నెల నుంచీ ఎదురుచూస్తున్న ఒక్క ప్రశ్నకి నిండుగా జవాబిచ్చే రెండు మంచి ఎపిసోడ్లు రాసి, మిగతావి ఒక్కో సీన్‌తో సర్దెయ్యండి. ఆ చివరి షెడ్యూల్ సీన్లు పంపే రోజునే మీకు రావాల్సిన బాకీ లెక్క కూడా ఈమెయిల్‌లో పెట్టండి, సెట్ విప్పేశాక ఫోన్లు ఎత్తే మేనేజర్ మారిపోతాడు. అదే వారంలో ఈపీకీ డైరెక్టర్‌కీ విడివిడిగా ఫోన్ చేసి తర్వాతి పని గురించి అడగండి, అప్పటికే వాళ్ళు కొత్త సీరియల్ టీమ్ వేసుకుంటూ ఉంటారు.